ముందు నీళ్లు, తర్వాత తూకం

కాల నేరాల శాఖలో కొత్తగా చేరిన పిల్లలు అప్పుడప్పుడు మా ఇంటికి వస్తుంటారు. పాత గేటు ఎలా ఉండేది, ఎవరెవరిని పట్టుకున్నారు అని అడుగుతారు. నవ్వొచ్చే కేసులు నాలుగు చెప్పి, చాయ తాగించి పంపిస్తుంటాను. మొన్న వచ్చిన ఒకమ్మాయి మా తూకం పుస్తకం నకలు వెంట తెచ్చింది. "తాతా, నీ సర్వీసంతట్ల ఒక్క తప్పు గూడ దొరకలేదంట గద!" అంది.

ఆ మాట నన్ను కుదురుగా ఉండనివ్వలేదు. ఆ పుస్తకంలో ఐదు వరుసలు నేను తెలిసి రాసిన సగం నిజాలు. వాటి గురించి నాకు విచారం లేదు. వాటికి పైన ఒక వరుస ఉంది. అందులో ప్రతి అంకె నిజం. నా ఉద్యోగంలో నేను చేసిన పెద్ద తప్పు అదే. దాన్ని ఎవరూ కనిపెట్టలేదు, ఇక కనిపెట్టలేరు కూడా. నేను రాయకపోతే అది ఒప్పుగానే మిగిలిపోతుంది. అందుకని రాస్తున్నాను.

ఇప్పటి గేట్లు ఎంత వెనక్కి కావాలంటే అంత వెనక్కి తీసుకుపోతాయట. మాది అలాంటిది కాదు. ఇస్నాపూర్ దాటాక రోడ్డుకు ఎడమవైపు ఒక రేకుల షెడ్డు. అందులో ఒక గుమ్మం. అది దాటితే ఏడేళ్ల వెనక, ఇదే చోట, ఇదే రోజు. ఒక రోజు అటూ ఇటూ కాదు. నిన్న పోవలసినవాడు ఇవాళ వస్తే, ఆ నిన్న ఇక ఎప్పటికీ దొరకదు. పొద్దున ఎనిమిదికి తెరిచి పన్నెండు గంటల సైరన్‌కు మూసేవాళ్లం. పాసు తీసుకున్నవాళ్లు పోయి, తమ మనుషులను దూరం నుంచి చూసుకొని రావచ్చు. అంతే. ఏమీ తేకూడదు, ఏమీ విడిచి రాకూడదు. మా షెడ్డులోంచి అప్పుడప్పుడు ఏడేళ్ల తర్వాతి మనుషులు కూడా బయటికి నడిచిపోయేవాళ్లు. వాళ్లను పలకరించకూడదు. చూడనట్టే ఉండాలి.

తేవడం కన్నా విడవడం పెద్ద నేరం. "తెచ్చింది ఈడ కుళ్లిపోతది. విడిచింది ఆడ మొలకేస్తది" అనేవారు మా సూపర్నెంటు సారు. ఆయన సంగారెడ్డి ఆఫీసులో కూర్చునేవారు. ఆదివారం చర్చిలో వాక్యం చదివే మనిషి. కోపం వస్తే గొంతు పెంచేవారు కాదు, కళ్లద్దాలు తుడుచుకునేవారు. ఆ తుడుపుకే మాకు చెమటలు పట్టేవి.

నేను కాటా గుమాస్తాను. పోయేటప్పుడు ఒక తూకం, వచ్చేటప్పుడు ఒక తూకం. పెరిగితే ఏదో తెచ్చినట్టు, తగ్గితే ఏదో విడిచినట్టు. వచ్చినవాళ్లు ముందు కాళ్లు కడుక్కోవాలి, ఆ కాలపు మట్టి ఈ కాలంలోకి రాకూడదు. తర్వాత కాటా ఎక్కాలి. ఆ తర్వాతే తాగడానికి నీళ్లు. ఆ నీళ్లు పోయడానికి ఒకామె ఉండేది, అరవై దగ్గర పడిన మనిషి. అందరం నీళ్లమ్మ అనేవాళ్లం.

కేసులంటే, నిజం చెప్పాలంటే, చాలామటుకు నవ్వులాటే. ఫ్యాక్టరీ వాళ్లకు భూమి అమ్ముకున్న ఒక పటేలు, అమ్మొద్దని తనకు తాను చెప్పుకోవడానికి దొంగతనంగా తన ఇంటికే పోయాడు. ఏడేళ్ల కిందటి ఆయన ఈయనను గుమ్మంలోకి కూడా రానివ్వలేదట. "ఎవడ్రా నువ్వు? నా భూమి ముచ్చట నీకెందుకు?" అని కర్ర పట్టుకొని తరిమాడు. తిరిగొచ్చి కాటా మీద నిలబడి, "నా అంత మొండోన్ని నేనేడ సూడలే సారూ" అని మొత్తుకున్నాడు. తూకం సరిపోయింది. పంపించేశాం.

నా గురించి కూడా ఒక మాట చెప్పాలి. నేను ఏడో తరగతితో బడి మానినవాణ్ణి. కానీ సంగారెడ్డి గ్రంథాలయంలో నాలుగు బీరువాల పుస్తకాలు మొదటి అర నుంచి చివరి అర దాకా వరుసగా చదివాను. భూగోళం, శరీరశాస్త్రం, తేనెటీగల పెంపకం, ఏదీ వదల్లేదు. ఆ సంగతి ఎదుటివాళ్లకు తెలియాలని నాకు చాలా ఉబలాటంగా ఉండేది. ఈ కథలో వచ్చిన చిక్కంతా అక్కడే ఉంది.

డెబ్బైల మొదట్లో ఒక ఎండాకాలం. మేకుల ఫ్యాక్టరీలో ప్యాకింగ్ పని చేసే ఒకామె పాసు రాయించుకుంది. ఇస్నాపూర్‌లో కిరాయి గది, మధ్యాహ్నం షిఫ్టు. పెనిమిటి కూడా అదే ఫ్యాక్టరీ. నాలుగు నెలల కొడుకును ఆడబిడ్డ దగ్గర ఉంచి వచ్చేది. కారణం అన్నచోట "ముత్తంగి దిక్కు మా ఊరు, మా పిల్లను సూసి వస్త" అని చెప్పింది, రాసుకున్నాను. పది రోజులకు పాసు ఇచ్చారు.

మొదటి రోజు వచ్చేటప్పుడు పావు కిలో తక్కువ తూగింది. కాటా తప్పేమో అనుకున్నాను. రెండో రోజు మళ్లీ పావు కిలో. కొంగు, నడుము, జడ, అన్నీ నీళ్లమ్మ చేత వెతికించాను. పోయేటప్పుడు ఏమున్నాయో వచ్చేటప్పుడు అవే ఉన్నాయి. పాసు చీటీ తప్ప చేతిలో ఏమీ లేదు. మూడో రోజూ అంతే. నేను సారుకు రిపోర్టు రాశాను. ఐదో రోజు స్వయంగా వస్తానని సారు కబురు పంపారు.

ఆయన వచ్చేలోగా నేనే ఈ రహస్యం విప్పాలని పట్టుదల వచ్చింది. శరీరశాస్త్రం పుస్తకంలో చెమట గురించి ఒక అధ్యాయం ఉంది. మనిషి ఎండలో నడిస్తే ఎంత బరువు తగ్గుతాడో లెక్క వేయవచ్చు. ఆమె చెమట లెక్క తేలితే, మిగిలినది ఆమె విడిచి వస్తున్న సరుకు. నాలుగో రోజు పొద్దున ఆమె రాగానే చెప్పాను: "ఇవాళ గుమ్మం దాటేది లేదు. షెడ్డు ముందు ఎండలో కూర్చోవాలి. అరగంటకోసారి కాటా ఎక్కాలి."

ఆమెకు అర్థం కాలేదు. "ఎందుకు సారూ?"

"శాస్త్రం" అన్నాను.

"సారూ, నీ కాళ్లు మొక్కుత. ఇయ్యాల పోనియ్యి. రేపు ఎన్ని సార్లన్న కూసుంట."

"రేపు సారు వస్తున్నారు. లెక్క ఇవాళే తేలాలి."

ఎనిమిదిన్నరకు, తొమ్మిదికి, తొమ్మిదిన్నరకు తూచాను. ప్రతిసారీ అంకె రాసుకున్నాను. పది గంటలప్పుడు, చెవుల దాకా తువ్వాలు చుట్టుకున్న ఒక గడ్డపాయన లోపలి గుమ్మం నుంచి నల్ల గొడుగుతో వచ్చి, ఆమె మీద నీడ పడేలా నిలబడ్డాడు. ఏడేళ్ల తర్వాతివాడని తెలుస్తూనే ఉంది. పలకరించకూడదన్న రూలు నాకే గుర్తు రాలేదు. "ఓ పెద్దమనిషీ, పక్కకు జరుగు, నా లెక్క చెడిపోతుంది" అని అదిలించాను. ఒక అడుగు జరిగి మళ్లీ వచ్చాడు. మళ్లీ అదిలించాను. మూడోసారి విసుగు పుట్టి వదిలేశాను. ఆయన ఒక్క మాట మాట్లాడలేదు. సైరన్ ముందు వచ్చిన దారినే లోపలికి పోయాడు.

పదకొండుకు ఆమె ఏడవడం మొదలుపెట్టింది. గొంతు రాకుండా ఏడుపు. రవిక ముందుభాగం రెండు వైపులా తడిసిపోయింది. నేను వంగి చూసి, పుస్తకంలో ఆ రోజు అంకెల పక్కనే రాశాను: "చెమట, ఛాతీ భాగంలో అధికం."

నేను పైన చెప్పిన వరుస అదే.

పన్నెండు సైరన్ మోగింది. గుమ్మం మూశాను. అప్పుడు నీళ్లమ్మ చెంబు కింద పెట్టి నా దగ్గరికి వచ్చింది.

"ఏం రాసినవ్ సారూ?"

చదివి వినిపించాను.

"నాలుగు బీరువాలు సదివిన్నంటవు. గండ్ల గిది లేదా? అవి పాలు."

రాసిన వరుసను మళ్లీ చదువుకున్నాను. "నీకు ఎప్పుడు తెలిసింది?" అన్నాను.

"మొదటినాడే."

"మరి చెప్పలేదేం?"

"నన్ను అడిగినవా నువ్వు? బుక్కును అడిగినవు."

నీళ్లమ్మ ఆమెను నీడకు తీసుకుపోయి నీళ్లు తాగించింది. ఆమె గోడకు ఆనుకొని కూర్చొని, మమ్మల్ని చూడకుండా నేలను చూస్తూ చెప్పింది. ఏడేళ్ల కిందట, కరువు వచ్చిన ఏడు, ఆమెకు మొదటి కాన్పు, ఆడపిల్ల. ఇంట్లో గింజ లేదు. ఆమె పొద్దున లేచి రోడ్డుకు కంకర కొట్టే కరువు పనికి పోయేది. తిండి లేక పాలు ఇంకిపోయాయి. పిల్లను చూపు సరిగ్గా ఆనని అత్త దగ్గర విడిచిపోయేది. ఆపైన పిల్లకు జ్వరం. దక్కలేదు.

"పొద్దుమీకి ఇంటికొస్తే మా అత్త అనేది, పొద్దుగాల వచ్చి పాలిచ్చి పోతివి గద బిడ్డా, పిల్ల మంచిగ పండుకున్నది అని. నేనేడ వచ్చిన? రాళ్లు కొడుతున్న. ఆకలికి ముసల్దానికి మతి తప్పిందనుకున్న. కానీ పిల్ల నోరు వాసన సూస్తే పాల వాసనొచ్చేది సారూ." ఆమె కొంగుతో ముక్కు తుడుచుకుంది. "ఇప్పుడు ఈ పిలగాడు పుట్టిండు, పాలు పడ్డయి. ఈడ గేటున్నదని షిఫ్టుల ఎవరో చెప్పిన్రు. అప్పుడు సమజైంది. ఆ వచ్చింది నేనే అని."

అత్తకు కళ్లు కనిపించకపోయినా గొంతు గుర్తుపట్టేది. గొంతు కోడలిదే. అనుమానం ఎక్కడిది?

"పిల్లను బతికించుకుందామనేనా?" అని అడిగాను. జరిగిపోయినదాన్ని మార్చడం, అదే కదా అసలు నేరం.

"మొదటినాడు అనుకున్న. దవాఖానకు ఉరుకుదామని ఎత్తుకొని గడప దాక వచ్చిన." ఆగింది. "అది బతికితే నేను ఊరు విడిచి ఈడికి వస్తనా? ఈ పిలగాడు పుడ్తడా? ఒక బిడ్డ పానం కోసం ఇంకో బిడ్డను ఎట్ల తుడిచేస్త సారూ? మళ్ల కూసొని పాలిచ్చిన. ఎట్లనన్న పోయేదే. ఆకలితోని పోవద్దు. గంతే."

తర్వాత మెల్లగా అంది: "ఒకనాడు అత్త నన్ను మస్తు తిట్టింది. ఇయ్యాల రాకపోతివేంది, పిల్ల గుక్కపట్టి ఏడ్సింది అని. నాకెరుకే, నడుమ ఒక దినం తప్పుతదని. ఎందుకు తప్పుతదో ఇప్పుడు తెలిసింది."

నన్ను ఒక్క మాట అనలేదు. అంటే బాగుండేది. నేను లెక్క వేసుకుంటున్న ఆ నాలుగు గంటలూ, ఏడేళ్ల వెనక, రెండు మైళ్ల దూరంలో ఒక పసిపిల్ల ఆకలికి ఏడ్చింది.

"తూకం తగ్గుతుందని నీకు తెలియదా? రోజంతా మేకులు తూచే మనిషివి" అన్నాను, ఏదో ఒకటి అనాలి కాబట్టి.

"తెల్వకేంది? మా తాన డబ్బా తక్కువ తూగితే సూపర్‌వైజరు పిడికెడు మేకులేసి మూత పెడ్తడు. నేనెందుకు గట్ల జెయ్యాలె? నేనేమన్న దొంగతనం జేసిన్నా? నా పాలు, నా పిల్ల."

ఇంకా ఆరు రోజులున్నాయని చెప్పి, షిఫ్టుకు టైమైందని లేచిపోయింది.

నేను సైకిలెక్కి సంగారెడ్డి గ్రంథాలయానికి పోయాను. శాఖ నిబంధనల పుస్తకం అక్కడ ఒక ప్రతి ఉండేది. తల్లిపాలు వస్తువు కిందికి వస్తాయా రావా అని ఒక్క వాక్యం దొరికితే చాలనుకున్నాను. దొరికింది. "ఘన, ద్రవ, వాయు పదార్థములేవైనను" అని ఉంది. అంత జాగ్రత్తగా రాసినవాణ్ణి మనసులో తిట్టుకున్నాను. రేపు సారు కాటా పక్కన నిలబడతారు, పావు కిలో తక్కువ చూస్తారు, పాసు రద్దవుతుంది. మిగిలిన రోజులన్నీ ఆ పిల్ల ఏడుస్తూనే పోతుంది. కారణం నా రిపోర్టు.

గొంతు ఎండిపోయి, గుమ్మం దగ్గరి కుండలోంచి ఒక గ్లాసు నీళ్లు ముంచుకున్నాను. తాగబోతూ ఆగాను. ఒక లీటరు నీళ్లు ఒక కిలో తూగుతాయి. పిల్లల విజ్ఞాన పుస్తకంలో, రెండో బీరువా కింది అరలో చదివాను. నా చదువంతటిలో పనికొచ్చింది ఆ ఒక్క వాక్యమే.

మర్నాడు పొద్దున్నే నీళ్లమ్మ స్టీలు గ్లాసును కాటా మీద పెట్టి తూచాను. నిండా నీళ్లు పోస్తే సరిగ్గా పావు కిలో పెరిగింది.

"అవ్వా, ఇవాళ్టి నుంచి ఆమెకు ముందు నీళ్లు. తర్వాత తూకం."

నీళ్లమ్మ గ్లాసు వైపు చూసింది, నా వైపు చూసింది. "గిది బుక్కుల ఉన్నదా?"

"ఉంది."

"గిట్లాటియి సదువు మరి" అంది.

సారు పది గంటలకే వచ్చి కాటా పక్కన కుర్చీ వేయించుకున్నారు. ఆమె ఆ పొద్దున అందరికన్నా ముందు గుమ్మం దాటిపోయింది. పదకొండున్నరకు తిరిగొచ్చింది. కాళ్లు కడుక్కుంది. నీళ్లమ్మ గ్లాసు ఆమె చేతిలో పెట్టింది.

"మొదలు తూకం కదా?" అన్నారు సారు.

నేను పుస్తకంలో పేజీ తిప్పాను. నీళ్లమ్మే అంది: "గింత ఎండల దూపకు గూడ రూలేనా సారూ? దూపైనోళ్లకు నీళ్లియ్యమని మీ చర్చిల చెప్తలేరా?"

సారు కళ్లద్దాలు తీసి తుడవడం మొదలుపెట్టారు. నా పని అయిపోయిందనుకున్నాను. ఆయన తుడుస్తూనే ఆమెను అడిగారు: "ఎవరిని చూసి వచ్చినవమ్మా?"

"నా పిల్లను సారూ."

"ఎట్లున్నది?"

"పండుకున్నది సారూ. కడుపు నిండి పండుకున్నది." అనేసి, అన్న మాట గుర్తొచ్చి, ఆమె గ్లాసు గట్టిగా పట్టుకుంది.

సారు కళ్లద్దాలు పెట్టుకున్నారు. ఆమె రవిక మీద ఆరీ ఆరని మరక వైపు, గ్లాసు వైపు, చివరికి నా వైపు చూశారు. షెడ్డు రేకులు ఎండకు టపటపమంటున్నాయి.

"తాగమ్మా, మొత్తం తాగు" అన్నారు.

తాగింది. కాటా ఎక్కింది. పొద్దుటి తూకమే. "సరి" అని రాశాను. సారు ఆ పుస్తకం తీసుకొని కింద తన చేత్తో రాశారు: "ఎండ తీవ్రత దృష్ట్యా, ఇకమీదట వచ్చినవారికి ముందు నీళ్లు, తర్వాత తూకం." సంతకం పెట్టి, చాయ కూడా తాగకుండా వెళ్లిపోయారు. ఆ ఉత్తరువు ఎండాకాలం పోయినా, ఆయన రిటైరైనా, గేటు మూసేదాకా అలాగే నడిచింది. అది ఎలా వచ్చిందని ఎవరూ అడగలేదు.

ఐదో రోజు నుంచి తొమ్మిదో రోజు దాకా ఐదు సార్లు "సరి" అని రాశాను.

పదో రోజు ఆమె తొందరగానే వచ్చింది. కాళ్లు కడుక్కుంది. నీళ్లమ్మ గ్లాసు అందిస్తే తీసుకోలేదు. నేరుగా వచ్చి కాటా ఎక్కి నిలబడింది. నేను గుండు జరిపాను. దండె కదలకుండా నిలిచింది. పొద్దున ఎంత తూగిందో అంతే.

"ఇయ్యాల తూకం సరిపోయింది సారూ" అంది.

పిల్ల పాలు తాగలేదు. ఆ మధ్యాహ్నమే పోయిందని ఆమెకు ముందే తెలుసు, మాకు అప్పుడు తెలిసింది. నీళ్లమ్మ వచ్చి ఆమెను కాటా మీంచి దించుకుంది. చంటి కొడుకు ఇంటి దగ్గర ఆకలితో ఉంటాడని ఆమెకు గుర్తు చేసి, ఇస్నాపూర్ దాకా తోడు నడిచింది. "సరి" అని రాయడానికి నాకు చాలాసేపు పట్టింది.

ఏడేళ్లు తిరిగాక, నేను ఆమెను ఎండలో కూర్చోబెట్టిన రోజు మా గుమ్మానికి అవతల వచ్చింది. నాకు అప్పటికి గడ్డం నెరిసింది. తువ్వాలు చెవుల దాకా చుట్టుకొని, గొడుగు తీసుకొని గుమ్మం దాటాను. కాటా పక్కన పుస్తకం పట్టుకొని, గొప్పగా అంకెలు రాసుకుంటూ నేనే ఉన్నాను. "ఆమెను పోనియ్యి" అన్న ఒక్క మాట నోటిదాకా వచ్చింది. కన్నతల్లి తన పిల్లను ఎత్తుకొని కూడా గడప దాటలేదు. నా తప్పు దిద్దుకోవడానికి నేను దాటడానికి ఎవణ్ణి? పైగా ఆ మనిషి వినే రకం కాడని నాకు బాగా తెలుసు. ఏ బుక్కులో ఉందని అడిగేవాడు. గొడుగు విప్పి ఆమె పక్కన నిలబడ్డాను. అతను రెండుసార్లు నన్ను అదిలించాడు.

కొత్తగా ఈ శాఖలోకి వచ్చిన పిల్లలకు చెప్పేది ఒకటే. తూకం తక్కువ వస్తే, పుస్తకం తెరిచేముందు పక్కనున్న మనిషిని అడగండి.

గేటు దాటినవాళ్ల పేర్లు బయటపెట్టకూడదన్న రూలు ఇప్పటికీ ఉంది. అందుకని మేము పిలుచుకున్న పేర్లతోనే దండం పెట్టుకుంటాను. అడగకముందే అన్నీ తెలిసిన నీళ్లమ్మకు. కళ్లద్దాలు తుడుచుకొని సరిగ్గా చూసిన సూపర్నెంటు సారుకు. ఏడో తరగతి వాడినని చూడకుండా నాలుగు బీరువాల తాళాలు ఇచ్చిన గ్రంథాలయం పంతులుగారికి. గొంతు గుర్తుపట్టి తలుపు తీసిన, చూపు ఆనని అత్తకు. నన్ను ఒక్క మాట అనని మేకుల ఫ్యాక్టరీ అమ్మకు.

ఇంకొకరున్నారు. పేరు పెట్టేలోపే పోయిన పిల్ల. పది రోజుల్లో ఒక రోజు నా వల్ల ఆకలితో ఏడ్చింది. నన్ను క్షమించమని ఆ పిల్లను అడుగుతున్నాను.